అలసిన ఒంటికి ఇంటివారి చేయి

ఇస్లాం మనకు ఆరాధననూ నేర్పింది, విశ్రాంతినీ నేర్పింది. దైవప్రవక్త ముహమ్మద్ (స) సహచరులలో ఒకరైన హజ్రత్ అబ్దుల్లాహ్ బిన్ అమ్ర్ (రజి) పగలంతా ఉపవాసంతోనూ, రాత్రంతా నమాజుతోనూ గడిపేవారు. ఆ సంగతి తెలిసిన ప్రవక్త (స), మనిషి మీద అతని శరీరానికీ, కళ్ళకూ, ఇల్లాలికీ కూడా హక్కులు ఉన్నాయని ఆయనకు బోధించారు. బుఖారీ హదీసు గ్రంథంలో నమోదైన ఈ సంఘటన మన పాఠకులలో చాలామంది ఎరిగినదే. అయితే శరీరపు హక్కు అనగానే మనకు తిండి, నిద్ర, శుభ్రత గుర్తుకు వస్తాయి. రోజంతా బరువు మోసిన భుజానికి, మగ్గం మీద వంగిన నడుముకు, పొయ్యి ముందు నిలబడిన కాళ్ళకు సాయంత్రం తీర్చవలసిన బాకీ ఒకటి ఉందన్న సంగతి స్ఫురించదు.

ఆ బాకీ తీర్చే మార్గాలలో ఒకటి మర్దన. కొందరి ఇళ్ళలో దానిని మాలిష్ అంటారు, కొందరి ఇళ్ళలో ఒళ్ళు పట్టడం అంటారు. ఖర్చు లేనిది, ఇంటి గడప దాటనవసరం లేనిది. కానీ తెలిసి చేస్తేనే మేలు. తెలియక చేస్తే కీడు. మదనపల్లె, పుంగనూరు, కుప్పం ప్రాంతాలలోని మన కుటుంబాల జీవనాన్ని దృష్టిలో ఉంచుకొని, ఈ నెల దీనిని గురించే వివరించదలచాము.

పనిని బట్టి నొప్పి

నొప్పికి ఒక చిరునామా ఉంటుంది. మనిషి చేసే పనిని బట్టి అది ఒంట్లో ఒకచోట స్థిరపడుతుంది.

మదనపల్లె టమాటా మార్కెట్ దేశంలోనే పేరున్నది. అక్కడ తెల్లవారకముందే నిండు క్రేట్లను ఎత్తి లారీలకు అందించే హమాలీలకు నడుము, మెడ, భుజాలు పట్టేస్తాయి. పొలంలో ఆ టమాటాలను కోసే మహిళలు గంటల తరబడి వంగే ఉంటారు. సాయంత్రానికి వారి నడుము నిటారుగా లేవదు. పట్టుచీరలకు పేరుపడిన నీరుగట్టువారిపల్లెలో మగ్గం ముందు కూర్చున్నవారికి చేతులు ఒక లయలో, కాళ్ళు ఒక లయలో ఆడుతూనే ఉంటాయి. మెడ మాత్రం ఒకే వంపులో కదలక నిలిచి ఉంటుంది. కదిలే కండరం కంటె కదలకుండా బిగిసి ఉన్న కండరమే ఎక్కువ అలసిపోతుందన్న సంగతి మగ్గం నేసేవారికి ఒకరు చెప్పనవసరం లేదు.

పుంగనూరు అనగానే లోకానికి ఆ పొట్టి జాతి ఆవు గుర్తుకు వస్తుంది. ఆ చుట్టుపక్కల పల్లెలలో పాడి లేని ఇల్లు తక్కువ. రెండు పూటలా చేతితో పాలు పితికే స్త్రీలకు బొటనవేలి మొదలు, మణికట్టు, ముంజేయి లాగుతూ ఉంటాయి. కుప్పం వైపు వెళితే తెల్లవారుజామున రైలెక్కి బెంగుళూరులో పనిచేసి, రాత్రికి ఇల్లు చేరే యువకులు ఎందరో. సీటు దొరకని రోజు కాళ్ళు, దొరికిన రోజు నడుము. ఇక ఆ ప్రాంతపు గ్రానైటు పనులలో రాయి కోసి, ఎత్తి, మలిచేవారి చేతులకు యంత్రాల అదురు తోడవుతుంది.

వీటన్నిటికీ ఇప్పుడు చాలామంది ఎంచుకుంటున్న సులువైన దారి, మందుల దుకాణంలో ఒక నొప్పి మాత్ర కొనడం. ఎప్పుడో ఒకసారి వేసుకుంటే తప్పు లేదు. కానీ నెలల తరబడి, డాక్టరు సలహా లేకుండా, పరగడుపున వేసుకునే నొప్పి మాత్రలు కడుపులో పుండ్లకూ, మూత్రపిండాల దెబ్బకూ దారితీస్తాయి. రక్తపోటు, మధుమేహం ఉన్నవారికి ఆ ముప్పు మరింత ఎక్కువ. పది రూపాయల మాత్రతో ఈ పూట గడిచిపోతుంది. దాని బిల్లు కొన్నేళ్ళ తరువాత వస్తుంది. అందుకే మాత్రకు ముందు, మాత్రకు బదులు, ఇంట్లో చేయగలిగినది ఏమిటో తెలుసుకోవడం అవసరం.

ఇది మన వారసత్వమే

మర్దనను శాస్త్రంగా రాసిపెట్టిన వారిలో ముస్లిం వైద్యులకు గొప్ప స్థానం ఉంది. 980లో జన్మించి 1037లో పరమపదించిన ఇబ్నె సీనా తన ‘అల్ ఖానూన్ ఫిత్ తిబ్’ అనే మహాగ్రంథంలో మర్దనను ‘దల్క్’ అన్న పేరుతో చర్చించారు. గట్టి మర్దన దేహాన్ని బిగువుగా చేస్తుందనీ, మృదువైన మర్దన సడలింపునిస్తుందనీ, ఎక్కువసేపు చేసే మర్దన కండను తగ్గిస్తుందనీ, మితమైన మర్దన పుష్టినిస్తుందనీ ఆయన విభజించారు. ముతక గుడ్డతో రుద్దడం వేరు, మెత్తని అరచేతితో రుద్దడం వేరు. వ్యాయామానికి ముందు ఒంటిని సిద్ధం చేసే మర్దన ఒకటి, శ్రమ ముగిసిన తరువాత అలసట తీర్చే మర్దన మరొకటి. ఈ రెండవది నెమ్మదిగా, నూనెతో చేయాలన్నది ఆయన అభిప్రాయం. యూనానీ వైద్యంలో ఔషధాలు లేకుండా చేసే చికిత్సలలో దల్క్ నేటికీ ఉంది. కర్నూలులోని డాక్టర్ అబ్దుల్ హఖ్ యూనానీ వైద్య కళాశాల, హైదరాబాదులోని నిజామియా తిబ్బీ కళాశాల ఆ వైద్య సంప్రదాయాన్ని బోధించే సంస్థలే.

ఈ విద్యను సముద్రాలు దాటించిన వాడు కూడా మన దేశస్థుడే. 1759లో పాట్నాలో జన్మించిన షేక్ దీన్ మహమ్మద్ ఇంగ్లండులోని బ్రైటన్ పట్టణంలో ఆవిరి స్నానం, మర్దన కలిపిన స్నానశాలను నడిపాడు. బ్రిటిష్ రాజు నాలుగవ జార్జికి ఆ సేవ అందించే నియామకం పొందాడు. తన పద్ధతిని వివరిస్తూ 1822లో పుస్తకం ప్రచురించాడు. తలకు చేసే చంపీ, మర్దన అన్న అర్థాలున్న హిందుస్తానీ మాట నుంచే నేడు మనం సీసాలో కొనే ‘షాంపూ’కు ఆ పేరు వచ్చింది.

మర్దన చేసేది, చేయనిది

మర్దన గురించి అతిశయోక్తులు చాలా ఉన్నాయి. నిజం ఎంతో తెలిస్తే ఆశాభంగం ఉండదు.

కండరం ఎక్కువసేపు బిగిసి ఉంటే అందులోని సన్నని రక్తనాళాలు నొక్కుకుపోయి, రక్తప్రసరణ తగ్గుతుంది, నొప్పి మొదలవుతుంది. నొప్పి వల్ల మనిషి ఇంకా బిగుసుకుంటాడు. ఈ చక్రాన్ని తెంపడమే మర్దన చేసే మొదటి మేలు. రెండవది, నెమ్మదైన స్పర్శ మెదడుకు భయం లేదన్న కబురు పంపుతుంది; శ్వాస నిదానిస్తుంది, నిద్ర పడుతుంది.

అయితే శ్రమ వల్ల కండరాలలో పేరుకున్న లాక్టిక్ ఆమ్లాన్ని మర్దన పిండి బయటకు పంపుతుందన్న ప్రచారం సరికాదు. ఆ ఆమ్లం పని ఆపిన గంట, గంటన్నరలో తనంతట తానే తగ్గిపోతుంది. 2012లో కెనడాలోని మెక్‌మాస్టర్ విశ్వవిద్యాలయ పరిశోధకులు 11 మంది యువకులతో కఠిన వ్యాయామం చేయించి, ఒక్క కాలికి మాత్రమే పది నిమిషాలు మర్దన చేసి, రెండు తొడల కండరాలనూ పరీక్షించారు. మర్దన చేసిన కాలిలో వాపుకు సంబంధించిన సంకేతాలు తగ్గాయి. లాక్టిక్ ఆమ్లంలో తేడా కనిపించలేదు. చిన్న పరిశోధనే అయినా, మర్దనను గాలికబురుగా కొట్టిపారేసేవారికీ, సర్వరోగనివారిణిగా పొగిడేవారికీ అది సమాధానమే.

నడుము నొప్పి విషయంలో 2015లో కాక్రేన్ సంస్థ 25 పరిశోధనలను సమీక్షించింది. మర్దన వల్ల కొంతకాలం ఉపశమనం కలగవచ్చనీ, దీర్ఘకాలిక ప్రయోజనం రుజువు కాలేదనీ, ఆ పరిశోధనల ప్రమాణం కూడా బలహీనమేననీ తేల్చింది. కాబట్టి మర్దనను మందు అనుకోకూడదు, విశ్రాంతిగా అనుకోవాలి. పని తీరు మారకుండా, బరువు ఎత్తే పద్ధతి మారకుండా, మధ్యమధ్య నడుము వాల్చకుండా, రాత్రి మర్దన ఒక్కదానితో నొప్పి పోదు.

మొదలుపెట్టేముందు

భోజనం చేసిన తరువాత గంట ఆగండి. గాలి నేరుగా తగలని చోట చాప, దానిపై దుప్పటి పరవండి. చేసేవారు గోళ్ళు కత్తిరించుకొని, ఉంగరాలు, గాజులు తీసి, చేతులు కడుక్కోవాలి. నూనె విషయంలో పెద్ద పట్టింపు అక్కరలేదు. దివ్య ఖుర్ఆన్ సూరయె నూర్‌లో జైతూన్ చెట్టును శుభప్రదమైనదిగా పేర్కొంది. ఆ నూనెను తినమనీ, ఒంటికి రాసుకోమనీ ప్రవక్త (స) సూచించినట్లు తిర్మిజీ హదీసు గ్రంథంలో ఉంది. అది అందుబాటులో ఉన్నవారికి మేలే. లేకుంటే ఇంట్లో ఉన్న నువ్వుల నూనె, కొబ్బరి నూనె చాలు. రెండు చెంచాలు ఒక గిన్నెలో పోసి, ఆ గిన్నెను వేడినీళ్ళలో కాసేపు ఉంచండి. నేరుగా పొయ్యి మీద కాచవద్దు. ముందు మీ మణికట్టు మీద ఒక చుక్క వేసి వేడి చూసుకోండి.

ఎంత గట్టిగా నొక్కాలి? ఓర్చుకోలేని నొప్పి నిండు రూపాయి అనుకుంటే, మర్దనలో కలిగే నొప్పి పావలా దాటకూడదు. పడుకున్నవారు ఊపిరి బిగబట్టినా, పళ్ళు కొరికినా మీరు ఎక్కువ నొక్కుతున్నట్లే. ‘నొప్పి పుడితేనే నొప్పి పోతుంది’ అన్న మాట మన పల్లెలలో వినబడుతుంది; దానిని నమ్మవద్దు. నొప్పి పుడితే కండరం ఎదురు తిరిగి ఇంకా బిగుస్తుంది.

చేతి కదలికలు ఐదు. నిండు అరచేతితో పొడవునా నిమరడం మొదటిది; ప్రతి మర్దనా దీనితోనే మొదలై దీనితోనే ముగియాలి. చపాతీ పిండి పిసికినట్లు కండను కొద్దిగా ఎత్తి పిసకడం రెండవది. బొటనవేలితో ఒకేచోట చిన్న చిన్న సున్నాలు చుట్టడం మూడవది. అరచేతులను దోసిలిలా వంచి మెల్లగా తట్టడం నాలుగవది. కండను పట్టుకొని సన్నగా కుదపడం ఐదవది. కాళ్ళు, చేతులకు నిమిరేటప్పుడు ఒత్తిడి గుండె వైపు సాగాలి. తిరిగి వచ్చేటప్పుడు చేయి తేలికగా జారాలి.

ఏ నొప్పికి ఎలా

మెడ, భుజాలు. మగ్గం పనివారికి, కుట్టుమిషను మీద కూర్చునేవారికి, ఫోను చూస్తూ తల వంచి ఉండే పిల్లలకు ఇది. వారిని పీట మీద కూర్చోబెట్టి, వెనుక నిలబడండి. మెడ మొదలు నుంచి భుజం చివరి వరకు ఐదారుసార్లు నిమరండి. భుజం మీది కండను నాలుగు వేళ్ళకూ బొటనవేలికీ మధ్య పట్టుకొని, ఐదు లెక్కపెట్టేంతసేపు ఉంచి, మెల్లగా వదలండి. గట్టిపడిన ముడి తగిలినచోట బొటనవేలు ఉంచి, వారు మూడు నిదానమైన శ్వాసలు తీసేదాకా ఆగండి. పుర్రె కింది అంచున, మెడకు రెండు పక్కలా వేళ్ళతో సున్నాలు చుట్టండి. మెడ ముందు భాగాన్ని, గొంతు పక్కలను ఎన్నడూ నొక్కవద్దు. అక్కడే మెదడుకు రక్తం తీసుకువెళ్ళే నాళాలు ఉన్నాయి.

నడుము. బోర్లా పడుకోబెట్టి, పొట్ట కింద పలుచని దిండు ఉంచండి. వెన్నెముక ఎముక మీద ఎప్పుడూ ఒత్తకూడదు. ఎముకకు ఇరువైపులా రెండు వేళ్ళ దూరంలో ఉన్న కండ మీద, పిరుదుల పైనుంచి భుజాల దాకా రెండు అరచేతులతో నిదానంగా పైకి నిమరండి. తరువాత అరచేతి మడమతో అవే కండలను బయటివైపు తోయండి. చివరన గోరువెచ్చని తడి తువాలు పది నిమిషాలు కప్పితే హాయి. నడుము మీద పిల్లలను ఎక్కించి తొక్కించుకునే అలవాటు మన ఇళ్ళలో ఉంది. వయసు మళ్ళినవారి ఎముకలు, ముఖ్యంగా స్త్రీలవి, పైకి కనిపించకుండానే గుల్లబారి ఉంటాయి. మనుమడి బరువుకే వెన్నుపూస చితికే ప్రమాదం ఉంది. ఈ అలవాటు మానాలి.

ముంజేయి, మణికట్టు. పాలు పితికేవారికి, రొట్టెలు చేసేవారికి ఇది. దీనికి మరొకరి సాయం కూడా అక్కరలేదు. చేతిని ఒడిలో ఉంచుకొని, రెండో చేతి బొటనవేలితో మణికట్టు నుంచి మోచేతి దాకా గీత గీసినట్లు నెమ్మదిగా నిమరాలి. బొటనవేలి మొదట ఉన్న కండను గుండ్రంగా మెదపాలి. తరువాత వేళ్ళను మెల్లగా వెనక్కి వంచి పది లెక్కపెట్టాలి. బొటనవేలి కీలు వాచి, కదిపితే చురుక్కుమంటే కొన్నాళ్ళు ఆ చేతికి పని తగ్గించడమే మందు.

పిక్కలు, పాదాలు. రోజంతా నిలబడేవారికి, రైలు ప్రయాణం చేసేవారికి ఇది. వెల్లకిలా పడుకోబెట్టి, మోకాలి కింద దిండు పెట్టండి. చీలమండ నుంచి మోకాలి వైపు పిక్కను నిమిరి, పిసకండి. మోకాలి వెనుక గుంటలో నొక్కవద్దు. అరికాలిని రెండు బొటనవేళ్ళతో మడమ నుంచి వేళ్ళ దాకా ఒత్తండి. ఒక్కొక్క వేలినీ మెల్లగా లాగి వదలండి. తరువాత అరికాళ్ళ నూనె తప్పక తుడవాలి. నూనె కాళ్ళతో స్నానాల గదిలో జారిపడి తుంటి విరిగితే మేలు చేయబోయి కీడు చేసినవాళ్ళమవుతాము.

ఎవరూ లేనివారికి. ఒంటరిగా ఉండేవారు టెన్నిసు బంతిని గోడకూ వీపుకూ మధ్య ఉంచి, మోకాళ్ళు కొద్దిగా వంచి లేస్తే, భుజం వెనుక ముడులను అదే మెదుపుతుంది. కుర్చీలో కూర్చొని అరికాలి కింద చపాతీ కర్రను దొర్లిస్తే చాలు.

చేయకూడని వేళలు

ఇంతవరకు చదివి ఆపివేసే పాఠకులు ఈ భాగాన్ని మాత్రం తప్పక చదవాలని కోరుతున్నాము.

ఒకే కాలి పిక్క వాచి, వెచ్చగా, ఎర్రగా ఉండి నొప్పి పెడుతుంటే, దానిని తాకవద్దు. లోపలి రక్తనాళంలో గడ్డ కట్టి ఉండవచ్చు. నలిపితే ఆ గడ్డ కదిలి ఊపిరితిత్తులకు చేరి ప్రాణం తీయగలదు. దూర ప్రయాణాల తరువాత, కాన్పు తరువాత, ఆపరేషను తరువాత, మంచాన పడినవారిలో ఇది ఎక్కువ. హజ్, ఉమ్రా యాత్రల నుంచి గంటల తరబడి విమానంలో కూర్చొని వచ్చిన పెద్దలకు కాళ్ళు ఒత్తడం పుణ్యమే. ముందు రెండు పిక్కలనూ పోల్చి చూసి ఒత్తండి. తేడా కనిపిస్తే వెంటనే ఆసుపత్రికి తీసుకువెళ్ళండి. ఆయాసం, ఎదలో నొప్పి కూడా ఉంటే క్షణం ఆలస్యం చేయక 108కి ఫోను చేయండి.

పడిపోయినప్పుడు, దెబ్బ తగిలినప్పుడు వాచినచోట రుద్దడం మనకు అలవాటు. ఎముక విరిగి ఉంటే రుద్దిన కొద్దీ విరిగిన అంచులు లోపలి నరాలనూ, రక్తనాళాలనూ కోస్తాయి. ఎముకలకు కట్లు కట్టడంలో పుత్తూరు పేరు దేశమంతా తెలిసిన ప్రాంతం మనది. ఎవరి నమ్మకం వారిది కావచ్చు. ముందు ఎక్స్‌రే తీయించడంలో మాత్రం ఎవరికీ నష్టం లేదు. బెణుకుకు మొదటి రెండు రోజులు గుడ్డలో చుట్టిన ఐసు, కదలకుండా విశ్రాంతి చాలు.

నడుము నొప్పితో పాటు సాయంత్రాలు జ్వరం, రాత్రి చెమటలు, బరువు తగ్గడం ఉంటే అది వెన్నెముకకు సోకిన క్షయ కావచ్చు. క్షయ ఊపిరితిత్తులకే వస్తుందని చాలామంది అనుకుంటారు. మదనపల్లె పక్కనే ఆరోగ్యవరంలో 1915 నుంచి క్షయ రోగులకు చికిత్స చేసిన ఆసుపత్రి ఉంది. ఈ వ్యాధిని దాచుకోవలసిన అవసరం మన ప్రాంతానికి అంతకంటె లేదు. ప్రభుత్వ ఆసుపత్రులలో క్షయకు పరీక్షలూ మందులూ ఉచితం. నడుము నొప్పితో పాటు కాళ్ళు తిమ్మిరెక్కి బలం తగ్గినా, మలమూత్రాల మీద అదుపు తప్పినా అదే రోజు డాక్టరును చూడాలి.

మధుమేహం ఉన్నవారికి పాదాలలో స్పర్శ తగ్గి ఉండవచ్చు. ఎంత నొక్కినా, ఎంత వేడి తగిలినా వారు చెప్పలేరు. అటువంటి పాదాలకు వేడి కాపడం వద్దు. మర్దనకు ముందు అరికాళ్ళలో పుండు, పగులు ఉందేమో వెలుతురులో చూడండి. రక్తం పలుచబడే మందులు వాడేవారికి గట్టి మర్దన చేయవద్దు, లోపల కమిలిపోతుంది. జ్వరం ఉన్నప్పుడు, చర్మం మీద పుండ్లు, సెగగడ్డలు ఉన్నచోట, ఉబ్బిన సిరల మీద కూడా వద్దు. గర్భిణులకు పొట్ట మీద మర్దన పూర్తిగా మానాలి. కాళ్ళను తేలికగా నిమరడమే తప్ప నొక్కవద్దు. సిజేరియను అయిన బాలింతకు డాక్టరు సరేననే దాకా పొట్ట జోలికి పోవద్దు.

పసిబిడ్డల విషయం ప్రత్యేకం. తేలికగా నూనె రాసి నిమరడం బిడ్డకు హాయి. కానీ ముక్కులో, చెవిలో నూనె చుక్కలు వేయవద్దు. అది ఊపిరితిత్తులలోకి జారితే ప్రమాదం. ముక్కు నిలబడాలని నొక్కడం, తలను గుండ్రంగా ఒత్తడం, పుట్టిన బిడ్డ రొమ్ములు పిండడం, ఈ మూడూ హానికరం. పిండిన రొమ్ములు చీము పట్టిన ఉదంతాలు పిల్లల డాక్టర్లు తరచూ చూసేవే.

చివరిగా మగవారికి ఒక మాట. క్షౌరం అయ్యాక మెడను పక్కకు తిప్పి పటుక్కుమనిపించుకోవడం కొందరికి సరదా. ఆ కుదుపుకు మెడలోని రక్తనాళం లోపలి పొర చిరిగి, పక్షవాతం రావచ్చు. అరుదే అయినా, ఒక్కసారి జరిగితే జీవితాంతపు శిక్ష. క్షవరం చేసే సోదరునికి వద్దని నవ్వుతూ చెప్పండి. అతడు ఏమీ అనుకోడు.

హయా, మర్యాద

మర్దన స్పర్శతో చేసేది కాబట్టి దానికి హద్దులు ఉన్నాయి. భార్యాభర్తల మధ్య సంకోచం లేదు. మిగతావారిలో స్త్రీకి స్త్రీ, పురుషునికి పురుషుడు చేయాలి. అప్పుడు కూడా నాభి నుంచి మోకాళ్ళ వరకు కప్పి ఉంచాలి. తల్లికి కొడుకు కాళ్ళు ఒత్తవచ్చు, తండ్రికి కూతురు భుజం పట్టవచ్చు. మర్యాద తెలిసిన ఇంటిలో అది ప్రేమే. పిల్లలకు ఇష్టం లేని స్పర్శను ‘పెద్దవాళ్ళు కదా’ అని భరించమనకండి. ఒళ్ళు వారిది, వద్దు అనే హక్కూ వారిదే. పట్టణాలలో వెలసిన మర్దన కేంద్రాలకు వెళ్ళదలచినవారు, అక్కడ స్త్రీపురుషులకు వేరు ఏర్పాటు ఉందో లేదో, చేసేవారికి శిక్షణ ఉందో లేదో ముందే విచారించుకోవాలి. వైద్యం తప్పనిసరి అయినచోట డాక్టరు, ఫిజియోథెరపిస్టు చూడడం వేరు విషయం. దానికి ధర్మం వెసులుబాటు ఇచ్చింది.

ఒంటికి నూనె ఉంటే వుజూ అవుతుందా అన్న సందేహం కొందరిది. మైనంలా పొర కట్టి నీటిని చర్మానికి తగలనీయనిదైతే దానిని తొలగించాలి. మామూలు నూనె జిడ్డు అలా అడ్డుపడదని ఉలమాలు వివరించారు. నీటితో బాగా రుద్ది కడుక్కుంటే చాలు.

అమ్మ కాళ్ళు ఎవరు ఒత్తుతారు?

ఇప్పుడు అసలు మాటకు వద్దాం. దాదీమా అని పిలిచే ఇంట్లోనైనా, జేజి అని పిలిచే ఇంట్లోనైనా ఒక సంగతి సమానం. కోడలు అత్తగారి కాళ్ళు ఒత్తుతుంది. భార్య భర్త నడుము పడుతుంది. తల్లి బిడ్డకు నూనె రాస్తుంది. సేవ అందరికీ అందుతుంది, చేసే చేయి మాత్రం ఒక్కటే. ఇంట్లో అందరికంటె ముందు లేచి, అందరికంటె ఆలస్యంగా నడుము వాల్చే ఆ స్త్రీ ఒంటికి చేయి వేసేవారు ఎవరు? ఆమె టమాటా తోటలో కూలికి కూడా వెళుతూ ఉండవచ్చు, పాలు పితుకుతూ ఉండవచ్చు. ఆమె నొప్పికి ‘కాస్త ఆగు, అదే పోతుంది’ అన్న మాట తప్ప మరో మందు దొరకదు. చివరకు ఆమే చడీచప్పుడు కాకుండా మందుల దుకాణం దారి పడుతుంది.

ప్రవక్త (స) ముద్దుల కుమార్తె హజ్రత్ ఫాతిమా (రజి) తిరుగలి తిప్పి తిప్పి అరచేతులు దెబ్బతినగా, ఇంటి పనికి ఒక సేవకుని కోరుతూ తండ్రి వద్దకు వెళ్ళారు. ఆయన ఇంట లేరు. సంగతి తెలిసిన ప్రవక్త (స) ఆ రాత్రి స్వయంగా వారి ఇంటికి వచ్చి, కూతురు, అల్లుడి మధ్య కూర్చొని, పడుకునే ముందు సుబ్‌హానల్లాహ్ 33 సార్లు, అల్‌హమ్దులిల్లాహ్ 33 సార్లు, అల్లాహు అక్బర్ 34 సార్లు స్మరించమని నేర్పారు. ఆ తస్బీహ్ మన అందరికీ తెలుసు. ఆ తస్బీహ్ వెనుక ఒక స్త్రీ చేతుల నొప్పి ఉందన్న సంగతి మనం మరచిపోతున్నాము. ఆమె నొప్పిని ఆయన చిన్నదిగా చూడలేదు; రాత్రివేళ నడిచి వచ్చారు. ఇంట్లో ఉన్నప్పుడు ప్రవక్త (స) ఏమి చేసేవారని అడిగిన వారికి, ఇంటివారి పనులలో సాయపడేవారు, నమాజు వేళ కాగానే వెళ్ళేవారు అని హజ్రత్ ఆయిషా (రజి) జవాబిచ్చారు. ఇంటి సేవ మగవారి గౌరవానికి తక్కువ అనుకునేవారు ఈ జవాబును మననం చేసుకోవాలి.

కనుక మా సూచన చిన్నది. వారంలో ఒక రాత్రి, ఇషా నమాజు తరువాత, పావుగంట కేటాయించండి. ఆ పావుగంట ఇంట్లో అందరికంటె ఎక్కువ శ్రమపడినవారిది. ఆ వారం అది హమాలీ పనికి వెళ్ళిన అబ్బాది కావచ్చు. ఎక్కువ వారాలు అది అమ్మీదే అవుతుందని మా నమ్మకం. పెద్ద కొడుకు నూనె వెచ్చచేయాలి, కూతురు చాప పరవాలి, భర్త భార్య భుజాలు పట్టాలి. మొదటిసారి ఆమె ‘నాకెందుకండీ ఇవన్నీ’ అని లేచిపోబోతుంది. లేవనీయకండి.

పనిచేయించుకునే యజమానులకు కూడా ఒక విన్నపం. కూలివాని చెమట ఆరకముందే కూలి ఇవ్వాలన్న ప్రవక్త (స) బోధన ఇబ్నె మాజా హదీసు గ్రంథంలో ఉంది. సమయానికి కూలి, మధ్యలో కాసేపు విరామం, ఇద్దరు ఎత్తవలసిన బరువుకు ఇద్దరిని పెట్టడం, ఇవి ఏ నూనె కంటెనైనా గొప్ప మర్దన. నొప్పి పుట్టిన చోటే దాన్ని తగ్గించగలిగితే, ఇంటికి మోసుకువచ్చేది తగ్గుతుంది.

శరీరం మనకు అల్లాహ్ అప్పగించిన అమానత్. దానిని అరగదీసి తిరిగి ఇవ్వడం కృతజ్ఞత కాదు. మన ఇళ్ళలోని అలసిన చేతులకు, కాళ్ళకు ఆయన హాయిని ప్రసాదించుగాక. వాటి అలసటను గమనించే చూపును మనకు ప్రసాదించుగాక. ఆమీన్.